నల్లదారం కట్టిన పేజీలు

మా ఇంట్లో అందరికీ కోపాలు ఎక్కువే. మా అమ్మది పాలపొంగు, గబుక్కున పైకి వస్తుంది, దించితే చల్లారిపోతుంది. నాది నోటికోపం, నాలుగు తిట్టేస్తే తీరిపోతుంది. మా పిన్నిది మాత్రం నివురుగప్పిన నిప్పు. పైకి ఏమీ కనిపించదు. చల్లారిందిలే అని చెయ్యి పెట్టినవాళ్ళకే తెలుస్తుంది. అలా చెయ్యి పెట్టిన ఒక పెద్దమనిషి సంగతే నేను చెప్పబోతున్నాను. ఆయన మీద నాకు జాలి లేదు. ఆ మాట ముందే చెప్పేస్తే తర్వాత నన్ను ఎవరూ తప్పుపట్టరు.

పిన్ని అంటే మా అమ్మకు సొంత చెల్లెలు. మా ఊరి పెద్ద గ్రంథాలయం వెనకవైపు, సైకిళ్ళు పెట్టే రేకుల షెడ్డు పక్కన, బైండింగు గది ఉంది. ఆ గదిలో బైండింగు పని మా తాతయ్యది. పిన్ని ఏడో తరగతి పరీక్షలు రాసిన వేసవిలో తాతయ్యకు కుడిచెయ్యి పడిపోయింది. "నాలుగు రోజులు నువ్వు వెళ్ళి జిగురు కాచిపెట్టమ్మా" అన్నారు ఇంట్లో. ఆ నాలుగు రోజులు ముప్పై ఒక్క ఏళ్ళయ్యాయి. బడి మొహం మళ్ళీ చూడలేదు. ఎప్పుడు చూసినా చేతులకు పిండి జిగురు అంటుకుని ఉండేది కాబట్టి గ్రంథాలయంలో అందరూ జిగురమ్మ అనేవారు.

బైండింగు గదిలో చదువు ఎలా అబ్బుతుందో చాలామందికి తెలియదు. పాత పుస్తకం విప్పి మళ్ళీ కుట్టేటప్పుడు పేజీలు వరసలో ఉన్నాయో లేదో చూడాలి. అంకెలు చెరిగిపోయి ఉంటాయి. అందుకని ఈ పేజీ చివరి మాట, ఆ పేజీ మొదటి మాట కలుస్తున్నాయో లేదో చదివి చూసుకోవాలి. మిగతా పనివాళ్ళు ఆ రెండు మాటలే చదివేవారు. పిన్ని మధ్యలోది కూడా చదివేది. జనం ఎగబడి చదివిన పుస్తకాలే చినుగుతాయి కాబట్టి మంచివన్నీ ఏరి పంపినట్టుగా ఆవిడ దగ్గరికే వచ్చేవి. న్యాయశాస్త్రం, వైద్యం, రాజుల కథలు, తేనెటీగల పెంపకం, అన్నీ. మా నాన్నకు మోకాలు వాస్తే డాక్టరు చెప్పకముందే జబ్బు పేరు చెప్పింది. నాన్న వారం రోజులు ఆవిడతో మాట్లాడలేదు.

నేను డిగ్రీ పూర్తిచేసి అదే గ్రంథాలయంలో ముందు కౌంటరులో చేరాను. రోజుకు రెండు వందల పుస్తకాలు నా చేతుల మీదుగా వెళ్ళేవి. వాటి మీద తేదీ ముద్ర కొట్టేదాన్ని.

పిన్నికి ఒక నోటు పుస్తకం ఉండేది. నల్ల అట్ట, తనే కుట్టుకున్నది. పదకొండేళ్ళుగా అందులో పద్ధతులు రాసుకుంది. జిగురులో ఏం కలిపితే పురుగు పట్టదు, తడిసి ముద్దయిన పుస్తకాన్ని ఎలా ఆరబెట్టాలి, సిరా మరక ఎలా తీయాలి, అలాంటివి నలభై ఆరు. ఏ పద్ధతీ విని రాసింది కాదు. ముందు చిత్తు కాగితం మీద చేసి, ఆ కాగితాన్ని ఎండ తగిలే కిటికీకి వేలాడదీసి, ఏడాదికోసారి దాని మూల రెండుసార్లు మడిచి చూసేది. విరగకపోతే పద్ధతి బతికినట్టు. విరిగితే చచ్చినట్టు.

చచ్చిన పద్ధతిని కొట్టేయడానికి లేదు. తాతయ్య కాలం నుంచీ ఆ గదిలో కాగితం మీద కొట్టివేత గీయకూడదని కట్టుబాటు. పుస్తకాలు బాగుచేసే చోట ఆ గీతలేమిటి అనేవాడాయన. ఏదైనా కాగితం పనికిరాదు, వాడొద్దు అని చెప్పాలంటే అంచున సూదితో పొడిచి నల్లదారం ముడి వేసేవారు. తెల్లదారం కుట్టడానికి, నల్లదారం వద్దనడానికి. పిన్ని నోటు పుస్తకంలో తొమ్మిది పేజీలకు నల్లదారం ఉండేది. వాటిలో ఒకటి పటిక నీళ్ళ పద్ధతి. నలిగి మెత్తబడిన పాత కాగితానికి పల్చటి గంజిలో పటిక దండిగా కలిపి పూస్తే మర్నాటికి కొత్త కాగితంలా గలగలలాడుతుంది. పురుగు దరిచేరదు. మొదటి రెండేళ్ళు చూస్తే ముచ్చటేస్తుంది. తర్వాత మెల్లగా రంగు మారి, ఆరేళ్ళు తిరిగేసరికి ఎండుటాకులా విరుగుతుంది.

ఇక ఆ పెద్దమనిషి. మా గ్రంథాలయానికి అధికారి. మేం వెనకాల అట్టసారు అనేవాళ్ళం. కొత్త పుస్తకం చేతికిస్తే ముందు అట్ట చూసేవాడు, తిప్పి వెనక అట్ట చూసేవాడు, "అద్భుతం" అనేవాడు. లోపల తెరిచిన పాపాన పోలేదు. సభల్లో మాత్రం చదువు గురించి గంటసేపు మాట్లాడగలడు. చిన్నప్పుడు వ్యాసరచనలో తనకు మొదటి బహుమతి వచ్చిన సంగతి చెప్పకుండా ఒక్క ఉపన్యాసం కూడా ముగించలేదు.

ఒకరోజు ఆయన బైండింగు గదికి వచ్చాడు.

"ఏమ్మా, ఏదో నోటు పుస్తకం రాసుకున్నావటగా? ఒకసారి ఇవ్వు. టైపు చేయించి భద్రం చేద్దాం. రేపు నువ్వు లేకపోయినా నలుగురికీ పనికొస్తుంది."

పిన్ని పొంగిపోయింది. అట్టలకు వేసే కొత్త కాలికో గుడ్డతో అట్ట మార్చి మరీ ఇచ్చింది. దొంగ చేతికి తాళాలివ్వడమంటే అదే. అడిగినప్పుడల్లా "ఎక్కడో పెట్టానమ్మా, చూస్తా" అనేవాడు. ఏడాది తర్వాత ఒక పార్సెల్ వచ్చింది. నా కౌంటరులోనే విప్పాను. నున్నటి అట్ట, దాని మీద పుస్తకాల సంరక్షణ గురించిన పేరు, కింద అట్టసారు పేరు. లోపల పిన్ని పద్ధతులు నలభై ఆరూ ఉన్నాయి. మొదటి పేజీలో కృతజ్ఞతలు. భార్యకు, గురువులకు, "సహకరించిన బైండింగు విభాగం సిబ్బందికి." ఆ విభాగం సిబ్బంది అంటే పిన్ని ఒక్కతే.

నేను ఆ పుస్తకం పట్టుకుని వెనక్కి పరుగెత్తాను. తిట్లన్నీ నోట్లో సిద్ధంగా ఉన్నాయి. పిన్ని కూర్చుని ఒక్కో పేజీ తిప్పింది. మొత్తం తిప్పాక తలెత్తి అడిగిన మొదటి మాట, "నల్లదారాలేవే?"

దారాలు లేవు. టైపు చేసేవాడు అవేవో పాత కుట్లనుకుని కత్తిరించేసి ఉంటాడు. చచ్చిన తొమ్మిదీ బతికిన వాటి పక్కన దర్జాగా కూర్చున్నాయి. పటిక నీళ్ళ పద్ధతిని అయితే "అత్యుత్తమం" అని అట్టసారు సొంతంగా ఒక వాక్యం కలిపాడు కూడా. ఆ పుస్తకం మొత్తంలో ఆయన సొంత వాక్యం అదొక్కటే.

"నీ పేరు లేదు పిన్నీ, అది చూడు ముందు" అన్నాను.

"పేరు లేకపోతే నాకు నష్టం. దారం లేకపోతే పుస్తకాలకు నష్టం" అంది. అప్పటికింకా ఆవిడకు కోపం రాలేదు. భయమే వచ్చింది.

కోపం తర్వాతి నెలలో వచ్చింది. పుస్తకానికి పేరు రాగానే అట్టసారు పది రోజుల శిక్షణ తరగతి పెట్టాడు. బయటి గ్రంథాలయాల నుంచి ముప్పై మంది వచ్చారు. వాళ్ళు పని నేర్చుకోవడానికి పాత కాగితాలు కావాలి కదా, తన తండ్రి దినచర్య పుస్తకాలు తెచ్చాడు. ఆ తండ్రి బడిపంతులు. ముప్పై ఏళ్ళపాటు ప్రతిరోజూ పెన్సిల్‌తో రాసుకున్నవి, పదకొండు పుస్తకాలు. వాటిని విప్పి, దుమ్ము దులిపి, పేజీలు వరసపెట్టడానికి అంతకుముందే నాలుగు నెలలు పిన్ని బల్ల మీద ఉంచారు. తరగతిలో వాటికి పటిక నీళ్ళు పూసి చూపిస్తానని ఆయన కుంచె చేతిలోకి తీసుకున్నాడు.

పిన్ని వెనక వరసలోంచి లేచింది. అంతమంది ముందు ఆవిడ నోరు విప్పడం నేను అదే మొదటిసారి చూడటం.

"సార్, వాటికి వద్దండీ. పటిక పూస్తే ఆరేళ్ళకు విరిగిపోతాయి. నేను చేసి చూశాను. ఆ పేజీకి దారం కట్టి ఉంచానండీ."

అట్టసారు నవ్వాడు. "చూశారా, ఇదీ మన సమస్య. ఏడో తరగతి దాటని ఆవిడ పుస్తకం రాసినవాడికి పాఠం చెబుతోంది. కూర్చోమ్మా, జిగురు మాడిపోతుందేమో చూసుకో."

ముప్పై మంది నవ్వారు. పిన్ని కూర్చోలేదు. గదిలోకి వెళ్ళిపోయింది. నేను వెనకాలే వెళ్ళేసరికి ఏడుస్తూ ఉంటుందనుకున్నాను. ఏడవలేదు. ఆ తరగతికి కలిపిన పటిక నీళ్ళే ఒక చిన్న గిన్నెలో తెచ్చుకుంది. అలాంటిదే ఒక పాత కాగితం తీసి, శ్రద్ధగా రెండువైపులా పూసి, కిటికీకి వేలాడదీసింది.

"ఇదెందుకు?" అన్నాను.

"వాళ్ళ నాన్నగారి పుస్తకాలు ఎలా ఉన్నాయో మనకు ఇక్కడ తెలుస్తుంటుంది" అంది.

అప్పుడు నాకు అర్థమైంది, నిప్పు రాజుకుందని.

ఎండిన కాగితాలను మళ్ళీ పిన్నే కుట్టింది. అందంగా కుట్టింది. అట్టసారు ఆ పదకొండు పుస్తకాలనూ తన గదిలో అద్దాల బీరువాలో పెట్టి, వచ్చినవాళ్ళందరికీ అద్దంలోంచి చూపించేవాడు. ఏటా అదే తేదీన పిన్ని కిటికీ కాగితం మూల రెండుసార్లు మడిచేది. మొదటి ఏడాది గలగలలాడింది. మూడో ఏడాదికి చివర్లు రంగు తిరిగాయి. ఈలోగా అట్టసారుకు జ్ఞాపికలు, సన్మానాలు. ఎక్కడ పుస్తకాలకు చెదలు పట్టినా నిపుణుడని ఆయన్నే పిలిచేవారు. మా బైండింగు గదిలో మాత్రం పిన్ని ఆ తొమ్మిదింటిలో ఒక్కటీ ముట్టుకోలేదు. అట్టసారుకు ఆ తేడా తెలియలేదు. తెలియాలంటే గిన్నెలోకి తొంగి చూడాలి.

ఐదో ఏడాది పిన్నిని కుంగదీసిన సంగతి ఒకటి జరిగింది. ఎక్కడో ఒక చిన్న బడిలో టీచరమ్మ ఆ పుస్తకం చదివి, బడిలో ఉన్న ఎనభై పుస్తకాలకూ పటిక నీళ్ళు పూసిందట. అన్నీ పచ్చబడుతున్నాయి, ఏం చేయమంటారు అని బైండింగు విభాగానికి ఉత్తరం రాసింది. పిన్ని చెబుతుంటే నేను జవాబు రాశాను. ఆ రోజు పిన్ని అన్నం ముట్టలేదు.

"రాసినవాళ్ళకు చెప్పాం. రాయనివాళ్ళ గతేంటే?" అంది.

"పత్రికలకు రాద్దాం పిన్నీ. ఆయన బండారం బయటపెడదాం."

"ఎవరు నమ్ముతారు? ఆయనది అచ్చయిన పుస్తకం. నాది నోటిమాట." సూదిలో దారం ఎక్కిస్తూ, "ఆయన నోటితోనే రావాలి" అంది.

ఆరో ఏడాది ఆ తేదీన పిన్ని కాగితం మూల మడిచింది. రెండో మడత దాకా కూడా అక్కర్లేకపోయింది. విరిగిన ముక్క అరచేతిలో వేసుకుని చూసింది. నలిపితే పొడైంది. చేతులు దులుపుకుని, "టీ తాగుదామా?" అంది. ఆవిడ అంత హుషారుగా టీ అడగడం నేనెప్పుడూ వినలేదు.

"ఇప్పుడైనా చెబుదామా?" అన్నాను.

"ఒకసారి చెప్పానుగా. ఇక అడిగితే చెబుతాను."

అడగడానికి ఆయనకు ఇంకో ఏడాది పట్టింది. రిటైరయ్యాడు. ఆ పదకొండు పుస్తకాలనూ ఇంటికి తీసుకెళ్ళాడు. తీరిగ్గా చదివి అచ్చువేయిద్దామనుకున్నాడట. నెల తిరక్కుండా ఒక మధ్యాహ్నం రేకుపెట్టె పట్టుకుని బైండింగు గది గుమ్మంలో నిలబడ్డాడు. భోజనాలయ్యాక నేనూ అక్కడే ఉన్నాను. ఆయన ఇంకెక్కడికీ వెళ్ళలేడు మరి. తనే నిపుణుడాయె, నిపుణుడు ఎవరిని అడుగుతాడు? అడిగితే ఆ పటిక సంగతి బయటపడదూ?

పెట్టె మూత తీశాడు. పుస్తకాల ఆకారం ఉంది కానీ పుస్తకాలు లేవు. గోధుమరంగు పెంకులు. ఒక పేజీ తిప్పబోతే వేళ్ళ మధ్యే తునకలైంది.

"తిప్పకండి" అంది పిన్ని. దగ్గరికొచ్చి చూసింది. చిన్న ముక్క మీద తడిపిన కుంచె ఆనించింది. ముక్క బురదలా జారింది. "తడి తగిలితే ముద్ద. తగలకపోతే పొడి. ఇందులో నేను చేయగలిగింది ఏమీ లేదండీ."

"ఏదో ఒకటి ఉంటుందమ్మా. నీకు తెలియకుండా ఉంటుందా?"

"ఉంటే దాచను."

అది నిజమే. పని విషయంలో పిన్ని అబద్ధమాడదు. అట్టసారు స్టూలు మీద కూలబడ్డాడు. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడానికి వచ్చినవాడికి ఆకులు కూడా దొరకలేదు.

"ఒక్క పేజీ కూడా చదవలేదు నేను" అన్నాడు మెల్లగా. "ఎక్కడికి పోతాయిలే అనుకున్నా." తర్వాత ఏదో తట్టినట్టు తలెత్తాడు. "నాలుగు నెలలు నీ దగ్గరున్నాయి కదా. నువ్వు... చదివావా?"

"చదివాను."

"ఏ మేరకు?"

"పదకొండూ. వరస కుదర్చాలి కదండీ."

"గుర్తున్నాయా?"

"చాలామటుకు."

ఆయన కళ్ళలో ఆశ పుట్టింది. ఆ తండ్రి ముప్పై ఏళ్ళ బతుకు ఇప్పుడు ఈ భూమ్మీద ఒక్కచోటే ఉంది, ఏడో తరగతి దాటని ఆవిడ బుర్రలో.

"చెబుతావా అమ్మా? రాసుకుంటాను."

"చెబుతాను. వచ్చే వారం వార్షిక సభలో మీకు సన్మానం ఉంది కదా. అక్కడ రెండు సంగతులు చెప్పండి. మొదటిది, మీ పుస్తకంలో తొమ్మిది పద్ధతులు వాడకూడదని, ఏవేవో చదవండి. చీటీ రాసిస్తాను. రెండోది, ఆ పుస్తకం ఎవరిదో చెప్పండి."

"మొదటిది చెబుతాను. రెండోది..."

"రెండూ."

ఆయన పెట్టె తీసుకుని వెళ్ళిపోయాడు. చెప్పడనే అనుకున్నాను. కానీ వార్షిక సభలో ఆయన వేదికెక్కి చీటీ తీశాడు. తొమ్మిదీ చదివాడు. హాల్లో గుసగుసలు మొదలయ్యాయి. ఆ తర్వాత, "ఆ పుస్తకం నేను రాయలేదు. మన బైండింగు గదిలో ఉన్న జిగురమ్మ నోటు పుస్తకం అది. అడిగి తీసుకుని, నా పేరు వేసుకున్నాను" అన్నాడు. చప్పట్లు లేవు. ఎవరో "ఛీ" అన్నారు. ఆ అన్నది నేనే. వెనక వరసలో పిన్ని చేతులు కట్టుకుని వింది. పగ తీరిందనుకున్నాను. నాకేం తెలుసు.

మర్నాటి నుంచి అట్టసారు రోజూ మధ్యాహ్నం వచ్చేవాడు. కొత్త నోటు పుస్తకం, రెండు కలాలు. పిన్ని కుడుతూ చెప్పేది, ఆయన స్టూలు మీద వంగి రాసుకునేవాడు. ఇప్పుడు "నువ్వు" పోయి "మీరు" వచ్చింది. బడి కప్పు కారిన సంగతి, పిల్లలకు దగ్గు జబ్బు పాకిన సంగతి, భార్య పోయిన ఏడాది ఆ పంతులు వరసగా నలభై రోజులు "ఏమీ లేదు" అని మాత్రమే రాసిన సంగతి. ఆ రోజు అట్టసారు కళ్ళు తుడుచుకున్నాడు. వారమైంది, పది రోజులైంది. పదకొండో రోజున ఆయన కలం మూతపెట్టి అడిగాడు.

"అమ్మా... నా గురించి ఏమైనా రాశారా నాన్న?"

పిన్ని దారం పంటితో తెంపింది. ఆ ప్రశ్న కోసమే పది రోజులుగా చూస్తోందని నాకు అప్పుడు అర్థమైంది.

"రాశారు. రాసుకోండి. ‘ఈరోజు వాడికి వ్యాసరచనలో మొదటి బహుమతి ఇచ్చారు. ఆ వ్యాసం వాడిది కాదు. పక్కపిల్లది. ఆ పిల్ల రాత నాకు తెలుసు. అందరూ వాణ్ణి మెచ్చుకుంటుంటే నోరు మూసుకున్నాను. ఒక్కసారికి పోనీలే అనుకున్నాను. ఇది ఒక్కసారితో పోయే బుద్ధి కాదని నాకు తెలుసు. ఇక వాడి మొహం చూసినప్పుడల్లా ఇదే గుర్తొస్తుంది.’"

ఆయన రాయలేదు. మొహం పాలిపోయింది. దొంగతనం నిజమేనని ఆ మొహమే ఒప్పుకుంది. ఆయన భయం అది కాదు.

"నాన్నకు తెలుసా?" అన్నాడు. "నిజంగా అలా రాశారా? లేక మీరు నా మీద కోపంతో..."

పిన్ని రేకుపెట్టె వైపు చూపించింది.

"పుస్తకం మీ దగ్గరే ఉంది కదండీ. తెరిచి చూసుకోండి."

ఆయన పెట్టె ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు కూర్చున్నాడు. మూత తీయలేదు. తర్వాత లేచి వెళ్ళిపోయాడు. మళ్ళీ రాలేదు.

ఆ సాయంత్రం ఇంటికి నడిచి వస్తుంటే నాకు నవ్వాగలేదు. అబద్ధమెందుకు, కడుపు నిండినట్టుంది. ఇంటి మలుపు దాకా వచ్చాక అడిగాను, "నిజం చెప్పు పిన్నీ. వాళ్ళ నాన్న అది రాశాడా? నువ్వు అల్లావా? బహుమతి సంగతి ఆయనే ప్రతి సభలోనూ చెప్పాడు. మిగతాది ఊహించడం నీకు ఎంతసేపు?"

పిన్ని నడక ఆపలేదు.

"నాలుగు నెలలు నా బల్ల మీదే ఉన్నాయి కదే. రోజూ అక్కడే కూర్చుని నాతోపాటు అన్నం తిన్నావు. నువ్వెందుకు చదవలేదు?"

తేదీ ముద్ర సిరా అంటిన నా వేళ్ళ వైపు చూసుకున్నాను.